లండన్‌లో ట్రినిడాడ్ గొంతు

రెండవ ప్రపంచయుద్ధం తరువాత బ్రిటన్‌లో కార్మికుల కొరత ఏర్పడగా, ఆ దేశపు వలసరాజ్యాలైన వెస్టిండీస్ దీవుల నుంచి వేలాది మంది పని వెతుక్కుంటూ అక్కడికి తరలివెళ్లారు. 1948 జూన్‌లో టిల్బరీ రేవు చేరిన ‘ఎంపైర్ విండ్‌రష్’ నౌక ఆ వలసకు గుర్తుగా నిలిచింది. మద్రాసు నుంచి వలస వెళ్లిన కుటుంబంలో 1923లో ఆ దీవుల్లో ఒకటైన ట్రినిడాడ్‌లో జన్మించిన శామ్ సెల్వన్ 1950లో లండన్ చేరి, చలిగదుల ఒంటరితనాన్నీ, వర్ణవివక్షనూ, కూలి కోసం పడే పాట్లనూ 1956 నాటి ‘ది లోన్లీ లండనర్స్’ నవలలో చిత్రించాడు. ఆ దీవుల తోటల్లో బానిసత్వం సాగిన కాలంలో ఆఫ్రికా, ఐరోపా భాషల కలయికతో రూపొందిన క్రియోల్ అనే వాడుకభాషను కొంత మలచి, పాత్రల సంభాషణలతో పాటు కథనానికి కూడా వాడుకోవడం ఆయన సాధించిన ఘనవిజయం. వలస సాహిత్యం చదవదలచిన తెలుగువారు ఈ నవలతో మొదలుపెట్టడం మంచిది.