మన చెరకు - ప్రపంచ పంచాయితీ



మన చోడవరం చెరకు పండే ప్రాంతం. గోవాడలో రైతులు సహకార చక్కెర ఫ్యాక్టరీ పెట్టుకున్నారు. చెరకుకు కనీస ధర ఢిల్లీ ప్రభుత్వం చెబుతుంది.

ఆ ధర మీద, చక్కెర ఎగుమతి సాయం మీద 2019లో బ్రెజిల్, ఆస్ట్రేలియా, గ్వాటెమాలా దేశాలు తగువు పెట్టాయి. ఎక్కడ? 1995లో పుట్టిన ప్రపంచ వాణిజ్య సంస్థలో.

2021లో తీర్పు మనకు వ్యతిరేకంగా వచ్చింది. దాని మీద మన దేశం అప్పీలు చేసింది. కాని వినడానికి జడ్జీలే లేరు. కొత్తవారిని వేయనివ్వకుండా అమెరికా అడ్డుకుంది.

పంచాయితీ అందరిదీ. తాళంచెవి ఒకరి చేతిలో. దీన్నే పెత్తనం అంటారు. అప్పుడు ఆ అడ్డు మనకు కలిసొచ్చింది. రేపు మనం గెలిచినా ఇలాగే ఆగిపోవచ్చు.

చెరకు ధర పడితే మన కూలీ పడిపోతుంది. కట్టలు కట్టే చేతులు మనవి. ధర చీటీ మనమూ చదువుదాం. అడుగుదాం.