బాలాలయంలో వెలిగిన గళం

(ఆలయ మహాసంప్రోక్షణ సందర్భంగా అలిపిరిలో చేసిన ప్రసంగ పాఠం)

  

శేషాద్రి పాదసీమలో, 3,550 మెట్ల సోపానమార్గం మొదలయ్యే ఈ అలిపిరిలో నిలిచి నాలుగు మాటలు విన్నవించే అవకాశం లభించడం నా పూర్వపుణ్యంగా భావిస్తున్నాను. నిర్వాహకులు నాకు అప్పగించిన విషయం ‘ఆలయము - సంగీతము’. ఇది సముద్రం వంటిది. అందులోనుంచి ఒక్క గాయనీమణి జీవితాన్ని మాత్రమే మీ ముందుంచుతాను. ఆమె శ్రీమతి శ్రీరంగం గోపాలరత్నం. ఆమెనే ఎందుకు ఎంచుకున్నానో చెప్పడానికి ముందు, మీరందరూ కళ్ళారా చూసిన ఒక విషయాన్ని జ్ఞాపకం చేయాలి.

ఏడాదికి పైగా ఈ ఆలయంలో గర్భగృహం మూసి ఉన్నది. పక్కనే చిన్న పందిరి వేసి బాలాలయం ఏర్పాటు చేశారు. అర్చకస్వాములు కళాకర్షణ జరిపి, మూలమూర్తిలోని దివ్యకళను కుంభంలోకి ఆవాహన చేసి బాలాలయానికి తెచ్చారు. ఇక్కడ శిల్పులు రాళ్ళు విప్పుతున్నంతకాలం అక్కడ నిత్యపూజలు ఒక్కపూట కూడా లోపించలేదు. తాటాకు పందిరి కదా అని ఎవరమూ నమస్కారం తగ్గించలేదు. తిరుమల క్షేత్రంలో సైతం పన్నెండేళ్ళకొకసారి, చివరిసారిగా 2018లో, అష్టబంధన బాలాలయ మహాసంప్రోక్షణ జరిగిన సంగతి మీకు తెలిసినదే. పని పూర్తికాగానే కుంభంలోని కళ తిరిగి మూలస్థానం చేరుతుంది. అప్పుడే సంప్రోక్షణ సంపూర్ణమవుతుంది.

మన దేవాలయాల సంగీత నృత్యాలకు కూడా ఒకప్పుడు ఇటువంటి కాలమే వచ్చింది.

మన చిత్తూరు సీమ నాట్యసంగీతానికి పుట్టినిల్లు. కార్వేటినగరంలో సారంగపాణి వేణుగోపాలస్వామిపై పదాలు రచించాడు. ఆ ఆస్థానంలోనే గోవిందసామయ్య పదవర్ణాలు కూర్చాడు. అవి కూర్చుని పాడుకోవడానికి మాత్రమే పుట్టినవి కావు. పాదం కదలడానికీ, కన్ను పలకడానికీ, చేయి అర్థం చెప్పడానికీ అనువుగా అల్లినవి. అటువంటి రచనలను తరతరాలుగా కంఠంలోనూ కాళ్ళలోనూ మోసినవారు దేవాలయ నర్తకీమణులు.

1947లో మద్రాసు రాష్ట్రంలో దేవదాసీ సమర్పణ నిషేధ చట్టం వచ్చింది. అప్పుడు మన జిల్లా ఆ రాష్ట్రంలోనిదే. స్త్రీలకు జరుగుతున్న అన్యాయాన్ని ఆపడానికి వచ్చిన చట్టమది, రావలసినదే. కానీ అన్యాయంతోపాటు ఆట, పాట కూడా మండపం దిగిపోయాయి. ఆ విద్యను కాపాడిన స్త్రీలకు మరో గౌరవస్థానం చూపించాలన్న ఆలోచన సమాజానికి వెంటనే రాలేదు. తరువాతి కాలంలో ఆచార్య నటరాజ రామకృష్ణ వారిని వెదకి, వారి విద్యను ఆంధ్రనాట్యంగా నిలబెట్టారు. ఆ తల్లుల ఋణం మనమింకా పూర్తిగా తీర్చుకోలేదు.

మండపం దిగిన ఆ కళ ఎక్కడ తలదాచుకున్నది? కొంత కూచిపూడి భాగవతుల ఇళ్ళలో, కొంత గురుకులాలలో, కొంత రేడియోలో. 1948 డిసెంబరు 1న విజయవాడలో ఆకాశవాణి కేంద్రం ఆరంభమైంది. ధ్వజస్తంభం లేదు, గోపురం లేదు. తలుపులు బిగించిన ఒక గది, ఒక మైక్రోఫోను. దానినే నేను మన సంగీతానికి బాలాలయం అంటున్నాను. ఆ బాలాలయంలో నిత్యపూజ తప్పకుండా చూసినవారిలో గోపాలరత్నం గారు ఒకరు.

ఆమె 1939లో విజయనగర ప్రాంతంలోని పుష్పగిరిలో వరదాచారి, సుభద్రమ్మ దంపతులకు జన్మించారు. పసితనంలోనే హరికథలు చెప్పి పెద్దలను ఆశ్చర్యపరిచారు. హరికథ అంటే మాట, పాట, అభినయం, అడుగు అన్నీ ఒక్కరిలోనే పలకాలి. నాట్యానికి పాడే గుణం ఆమెకు అక్కడే అబ్బినదని నా విశ్వాసం. తరువాత కవిరాయని జోగారావు గారి వద్ద, సంగీత కళానిధి శ్రీపాద పినాకపాణి గారి వద్ద శిక్షణ పొందారు. పినాకపాణి గారి బాణీ అంటే గమకంలో నిగ్రహం, సాహిత్యంలో స్పష్టత.

ఆకాశవాణి విజయవాడ కేంద్రంలో చేరాక ఆమె కంఠం తెలుగువారి ఇంటి కంఠమైంది. ఉదయం భక్తిరంజనిలో అన్నమాచార్య సంకీర్తన, మరొక వేళ త్యాగరాజ కృతి, ఇంకొక నాడు జావళి, పదం, లేదా నండూరి సుబ్బారావు గారి ఎంకి పాట. మంగళంపల్లి బాలమురళీకృష్ణ, వోలేటి వేంకటేశ్వర్లు వంటి ఉద్దండులు పాడిన కేంద్రమది. అటువంటిచోట ఏ పాటకు ఏ గొంతు కావాలో ఆ గొంతు ఇచ్చి తన స్థానం నిలబెట్టుకున్నారామె. ఎంకి పాటలో పల్లెపడుచు. కృతిలో విదుషీమణి. సంకీర్తనలో దాసి. భామాకలాపంలో సత్యభామ.

ఆ భామాకలాపం గురించి కొంచెం వివరంగా చెప్పాలి. సిద్ధేంద్రయోగి ప్రసాదించిన ఆ కలాపంలో సత్యభామ తెర వెనుకనుంచి ముందుగా జడ చూపిస్తుంది. ఆ జడ చూడగానే సభ సద్దుమణుగుతుంది. తరువాత ప్రవేశదరువు. అందులో ఠీవి ఉండాలి, అందగత్తెనన్న అతిశయం ఉండాలి. కథ సాగేకొద్దీ ఆ అతిశయం కరగి విరహమవుతుంది. చివరకు మాధవి చేత స్వామికి లేఖ పంపే దైన్యం వస్తుంది. రంగస్థలంపై పాడేవారికి నర్తకి తోడున్నది. పాటలో ఒక భావం తగ్గితే ఆమె కన్ను దానిని పూరిస్తుంది. అడుగు పడేచోట గాయకుడు నిలపాలి, చూపు తిరిగేచోట సాగదీయాలి. ఒకరికొకరు ఆసరా.

రేడియోలో జడ లేదు, తెర లేదు, గజ్జెకట్టిన కాలు కనబడదు. అంతా గొంతే కావాలి. గోపాలరత్నం గారు ఆ దరువులు పాడుతుంటే వినేవాడికి సత్యభామ నడక కనబడేది. పలుకు విరుపులో కోపం తెలిసేది, ఊపిరి ఆగినచోట సిగ్గు తెలిసేది. ఇది కేవలం కంఠమాధుర్యం వల్ల వచ్చేది కాదు. నర్తకి శరీరం ఎక్కడ తిరుగుతుందో, ఎక్కడ విశ్రాంతి కోరుతుందో ఎరిగినవారికే సాధ్యం. నాట్యానికి పాడడమంటే తాను వెనుక కూర్చుని, ముందున్నవారిని వెలిగించడం. ఆ వినయం అలవడినందువల్లనే, ఎదుట ఎవరూ లేనప్పుడు కూడా ఆమె గొంతు ఒక నర్తకిని సృష్టించగలిగింది.

తిరుమల తిరుపతి దేవస్థానం ఆమెను ఆస్థాన విదుషిగా గౌరవించింది. హైదరాబాదులోని ప్రభుత్వ సంగీత నృత్య కళాశాలకు ప్రధానాచార్యులుగా, తెలుగు విశ్వవిద్యాలయంలో ఆచార్యులుగా విద్యార్థులను తీర్చిదిద్దారు. 1992లో భారత ప్రభుత్వం పద్మశ్రీ ఇచ్చింది. మరుసటి సంవత్సరం 1993 మార్చి 16న ఆమె పరమపదించారు. యాభై అయిదేళ్ళయినా నిండని ఆయుర్దాయం. ఆ కొద్దికాలంలోనే ఇంత సేవ.

ఇక్కడ నా సొంత మాట ఒకటి చెప్పుకోవడానికి అనుమతించండి.

మా ఇల్లు ఈ అలిపిరి బాటలోనే ఉండేది. మా తల్లిగారికి నడివయసులోనే మోకాళ్ళు పట్టుకుపోయాయి. కొండ కింద కాపురం, కొండ ఎక్కే యోగం లేదు. యాత్రికులు మెట్టుమెట్టుకూ పసుపు కుంకుమ పెట్టుకుంటూ పోతుంటే గుమ్మంలో కూర్చుని చూసేది. తెల్లవారి భక్తిరంజనిలో గోపాలరత్నం గారి సంకీర్తన వస్తే పనులన్నీ ఆపి కళ్ళు మూసుకునేది. “మీకు కాళ్ళున్నాయి, నడిచి పోతారు. నేను ఈ అమ్మ పాట పట్టుకుని ఎక్కుతా నాయనా” అనేది.

నాకు ఉద్యోగం వచ్చాక ఇంటికి టెలివిజన్ తెచ్చాను. పాత రేడియో పాడైతే బాగుచేయించకుండా అటకమీద పడేశాను. మా అమ్మ ఏమీ అనలేదు. చాలా రోజుల తరువాత మాత్రం, “ఆ అమ్మ ఇప్పుడు పాడడం మానేసిందా నాయనా?” అని అడిగింది. పాడడం మానలేదు, మనింటి పెట్టె మూగపోయిందని చెప్పడానికి నాకు నోరు రాలేదు. “రేపు బాగుచేయిస్తాలే” అన్నాను. ఆ రేపు రాలేదు. ఆమె ఆ పాట మళ్ళీ వినకుండానే వెళ్ళిపోయింది. దేవుడు వేసిన శిక్ష అనను. నా అశ్రద్ధ, అంతే. కానీ ఈనాటికీ ఈ మెట్ల దగ్గరకు వస్తే ఆ ప్రశ్న నా చెవిలో వినబడుతుంది.

అందుకే దాతలైన మీకు ఒక మనవి చేస్తున్నాను. ఈ ఆలయంలో ముఖమండపం ఎంతో సుందరంగా రూపొందింది. ఒరిగిన స్తంభాలు నిలబడ్డాయి, కారిన పైకప్పు బాగుపడింది. ఒక్కొక్క స్తంభం వెనుక మీలో ఒక్కొక్కరి కష్టార్జితం ఉన్నది. ఈ మండపానికి ఇనుప కటకటాలు బిగించి ప్రసాదాల విక్రయానికీ, సామగ్రి నిలువకూ వాడుకుందామని ఒక సూచన వచ్చినట్లు విన్నాను. సూచించినవారు కూడా భక్తులే, ఆలయ ఆదాయం కోరినవారే. వారిని తప్పుపట్టను. సామగ్రికి చోటు కావాలి, నిజమే. అది వెనుక ప్రాకారం వైపు కట్టుకోవచ్చు. పాటకు మాత్రం స్వామి ఎదుటనే చోటుండాలి.

వారానికి ఒక్క సాయంత్రం చాలు. తిరుపతిలో శ్రీ వేంకటేశ్వర సంగీత నృత్య కళాశాల ఉన్నది. అక్కడ గాత్రం, నాట్యం, మృదంగం నేర్చే పిల్లలున్నారు. ఒక గాయని, ఒక నర్తకి, ఒక మృదంగ విద్వాంసుడు ఈ మండపంలో గంటసేపు సేవ చేస్తే, వారికి దారి ఖర్చు, తగిన సంభావన, ఒక వస్త్రం ఇచ్చే ఏర్పాటు శాశ్వతనిధిగా పెడదాం. ధ్వనివర్ధకంలో పాత పాటలు వేయడం సులభం, వేయండి, కాదనను. గోపాలరత్నం గారి గొంతు ఇప్పటికీ అందులో వినబడితే ధన్యులం. కానీ అది బాలాలయంలోని కుంభం వంటిది. కుంభాన్ని అక్కడే ఉంచి గర్భగృహాన్ని ఖాళీగా వదిలేస్తే సంప్రోక్షణ పూర్తయినట్లా? రికార్డు భద్రపరుస్తుంది. మండపంలో మనిషి పాడితేనే మరొక మనిషి నేర్చుకుంటాడు.

కొండ ఎక్కలేక ఈ పాదాల చెంతనే ఆగిపోయే వృద్ధులు ప్రతిరోజూ ఎందరో ఉంటారు. పిల్లలు పైకి వెళ్ళివచ్చేదాకా మూటలకు కాపలా కూర్చుంటారు. వారానికొక సాయంత్రమైనా వారు ఈ మండపంలో కూర్చుని, ఒక సంకీర్తన విని, ఒక పదానికి ఒక బాలిక చేసే అభినయం చూసి, తామూ మెట్లెక్కామని తృప్తిపడితే ఈ రాళ్ళకు సార్థకత కలుగుతుంది. వారిలో మా అమ్మ వంటి తల్లి ఒకరైనా ఉండరా?

గోపాలరత్నం గారు తమ జీవితమంతా కనబడనివారి కోసం పాడారు. ఎదుట కూర్చున్నవారి కోసం పాడించే భాగ్యం ఇప్పుడు మనకు దక్కింది. నిధికి తొలి విరాళంగా మా తల్లిగారి పేరిట నా శక్తికి తగిన మొత్తాన్ని ఈ వేదికమీదనే సమర్పిస్తున్నాను. మిగిలినది స్వామి సంకల్పం, మీ ఔదార్యం.

సర్వే జనాః సుఖినో భవంతు. స్వస్తి.