ఎడారి చిత్రములలో మానవుడు



గ్రంథాలయ రజతోత్సవమున చలనచిత్రముల ప్రసంగమేలయని కొందరికి తోచవచ్చును. కాని తొలినాటి ఎడారి సాహస చిత్రములలో పేరొందినవి కొన్ని పుస్తకములనుండియే పుట్టినవి.

అమెరికా రచయిత ఫ్రాంక్ నారిస్ నవల "మెక్‌టీగ్" 1899లో వెలువడెను. దానిని ఎరిక్ వాన్ స్ట్రోహీమ్ "గ్రీడ్" అను మూకచిత్రముగా 1924లో తెరకెక్కించెను. "గ్రీడ్" అనగా దురాశ. చివరి ఘట్టమునకై అతడు స్టూడియోలో ఇసుక పోయింపక, 1923 వేసవిలో నటులను కాలిఫోర్నియాలోని డెత్ వ్యాలీ ఎడారికే కొనిపోయెను. ఒకప్పటి మిత్రులిద్దరు బంగారు నాణెములకై అచ్చట తలపడుదురు. పారిపోవు పశువును కాల్చగా తూటా నీటిపాత్రను చీల్చును. ఉన్న నీరంతయు ఇసుకపాలగును. అప్పటికిని వారు పోరు మానరు. గెలిచినవాడు తన చేయి చచ్చినవాని చేతితో సంకెలబడియుండుట చూచును. బంగారము ప్రక్కనేయున్నది, గ్రుక్కెడు నీరు లేదు.

ఫిలిప్ మెక్‌డొనాల్డ్ నవల ఆధారముగా జాన్ ఫోర్డ్ 1934లో "ది లాస్ట్ పెట్రోల్" తీసెను. అది దారితప్పిన గస్తీదళము కథ. కాలము 1917, స్థలము మెసపొటేమియా. దళమెచ్చటికి పోవుచున్నదో ఎరిగిన అధికారి మొదటనే కూలును. మిగిలినవారు ఒయాసిస్సు చేరుదురు. అచ్చట నీరున్నది, ఖర్జూరములున్నవి. ఐనను కనబడని శత్రువు తూటాలకు భయమును, కలహమును, ఒకని మతోన్మాదమును తోడై దళమును నశింపజేయును. సార్జంటొక్కడే మిగులును. చిత్రమున లోపమొకటి కలదు. ఆ నేలపై పుట్టిన అరబ్బులు ఇందు దూరపు తూటాలేగాని మనుష్యులు కారు. వారి కోపమునకు కారణమేమో చిత్రము విచారింపదు.

1937లో మిహయిల్ రోమ్ తీసిన సోవియట్ చిత్రము "పదముగ్గురు"లోని ఘట్టమును గ్రహించి, జోల్టాన్ కోర్డా 1943లో "సహారా" నిర్మించెను. ఇందు బావి దాదాపు ఎండినది. సూడాను సైనికుడొకడు అందులో దిగి, చుక్కచుక్కగా కారు నీటిని పట్టును. పలు దేశములవారు దానిని పంచుకొందురు. బందీయైన ఇటలీవానికిని వంతు దక్కును. ఆఫ్రికావాడు ఇచ్చట నీడగాక నిండు మనిషిగా నిలుచును.

నీరున్నచోట నశించినవారును, నీరు కరవైనచోట కలసి నిలిచినవారును ఈ చిత్రములలో కనబడుదురు. ఎడారి మానవునికి క్రొత్త గుణమేమియు నీయదు. ఉన్న గుణమును బయటపెట్టును. చిత్రము చూచినవారు దాని మూలమైన నవలనుగూడ చదివినచో ఈ సత్యము మరింత తేటపడును. అట్టి పఠనమునకు నిలయమైన ఈ గ్రంథాలయము చిరకాలము వర్ధిల్లుగాక!