చెర్నోబిలైట్: అసలు పరీక్ష రాత్రి భోజనం దగ్గర

ఇవాళ్టి గేమ్ చెర్నోబిలైట్. పోలాండ్ స్టూడియో ది ఫామ్ 51 చేసింది, 2021లో పీసీకి వచ్చింది.

పేరు కల్పితం అనుకోకండి. 1986 ఏప్రిల్ 26న చెర్నోబిల్ నాలుగో రియాక్టర్ పేలినప్పుడు ఇంధనం, కాంక్రీటు కలిసి కరిగి గడ్డకట్టాయి. ఆ ముద్దలో దొరికిన యురేనియం కలిసిన స్ఫటికానికి నిజంగానే ఈ పేరుంది. దానికి మాయశక్తులు ఉండటం మాత్రం గేమ్ వాళ్ల కల్పన.

మనం ఆడేది ఇగోర్ అనే ఫిజిసిస్ట్‌గా. ఒకప్పుడు ఆ ప్లాంట్‌లోనే పనిచేశాడు. ముప్పై ఏళ్ల క్రితం మాయమైన టట్యానాని వెతుక్కుంటూ జోన్‌లోకి తిరిగొస్తాడు. ఒక్కడి వల్ల అయ్యే పని కాదు, మనుషుల్ని కూడగట్టాలి. పగలు ఒక్కొక్కరిని ఒక్కో పనికి పంపాలి, రాత్రి ఉన్న తిండిని పంచాలి. చిక్కంతా ఇక్కడే. తక్కువ పెడితే ఒంట్లో ఓపిక పోతుంది, మనసు విరుగుతుంది. మరీ విసిగితే మనల్ని వదిలేసి పోతారు కూడా. రాక్షసుల్ని కాల్చడానికి ఆలోచించని నేను, ఆ తిండి పంచేటప్పుడు మాత్రం ఆగిపోయేవాణ్ణి.

చచ్చిపోతే పాత నిర్ణయాల్ని మార్చుకునే వీలుంది. కాకపోతే ఒకటి సరిచేస్తే ఇంకోచోట తేడా కొడుతుంది.

ఇంకో మాట. ఈ జోన్‌ని నిజంగా అక్కడికెళ్లి త్రీడీ స్కాన్ చేశారు. పేలుడు మర్నాడు ప్రిప్యాత్ జనాన్ని బస్సులెక్కించారు. మూడు రోజుల్లో వచ్చేస్తామనుకుని వెళ్లారు వాళ్లు. అందుకే ఆ ఇళ్లలో సామాను ఏరుకునే ముందు ఒక్క నిమిషం ఆగి చూడండి.

మీరైతే తిండి ముందు ఎవరికి పెడతారు? చెప్పండి. మళ్లీ కలుద్దాం.