హద్దు మీరని న్యాయం

పోరాటంలో సైతం హద్దు మీరరాదని ఖుర్‌ఆన్ (2:190) మనకు ఆజ్ఞాపిస్తున్నది. స్త్రీలను, పిల్లలను చంపడాన్ని దైవప్రవక్త ముహమ్మద్ (స) నిషేధించారు. వృద్ధులను చంపవద్దని, ఫలవృక్షాలను నరకవద్దని హజ్రత్ అబూబక్ర్ (రజి) తన సేనను ఆదేశించారని ఉల్లేఖనాలు తెలుపుతున్నాయి. 1949 నాటి జెనీవా ఒప్పందాలలోని ఉమ్మడి 3వ అధికరణ దేశాంతర్గత సాయుధ సంఘర్షణలకూ ఇటువంటి హద్దునే విధించింది: ఆయుధం దించినవారిని, గాయపడినవారిని, నిర్బంధంలో ఉన్నవారిని మానవత్వంతో చూడాలి. మన దేశం 1950లో ఆ ఒప్పందాలను ఆమోదించింది.

ఇది దూరదేశాల సంగతి కాదు. నాగర్‌కర్నూల్ జిల్లా అమ్రాబాద్ అడవులలో పోలీసులకు, నక్సలైట్లకు నడుమ చెంచులు ఏళ్ల తరబడి నలిగారు. అన్నం పెడితే ఒకరి అనుమానం, దారి చూపితే మరొకరి ఆగ్రహం. 1997లో ఎస్.ఆర్. శంకరన్ నాయకత్వాన ఏర్పడిన పౌరస్పందన వేదిక ఇరుపక్షాలనూ ప్రశ్నించింది. 2004 అక్టోబరులో హైదరాబాదులో చర్చలు జరిగాయి. ఆ శాంతి నిలువలేదు.

గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూల్ వాసులమైన మనం మరణించినవాడు ఎవరి పక్షమని ముందుగా అడుగుతాము. అతడు నిరాయుధుడా అని అడగడమే న్యాయం. మనవారు చేసిన అన్యాయాన్నీ అన్యాయమనే పలుకుదాం. అట్టి ధైర్యాన్ని అల్లాహ్ మనకు ప్రసాదించుగాక! ఆమీన్.