తీర్పులో మాట ఎవరిది?

(వాడలో జరిగిన సభలో చేసిన ప్రసంగ పాఠం)



ఎక్కడో ఆస్ట్రేలియాలో న్యాయశాస్త్రం చెప్పిన జూలియస్ స్టోన్‌తో మనకేం పని అని మీరు అడగొచ్చు. కోర్టుల చుట్టూ తిరిగేవాళ్లం కదా, పని ఉంది.

స్టోన్ 1907లో ఇంగ్లండులోని లీడ్స్‌లో పుట్టాడు. లిథువేనియా నుంచి వలసొచ్చిన పేద యూదుల బిడ్డ. స్కాలర్‌షిప్పు మీద ఆక్స్‌ఫర్డులో చదివాడు. 1942లో సిడ్నీ విశ్వవిద్యాలయం ప్రొఫెసరుగా తీసుకుంటే పెద్దలు గొడవ చేశారు. ఆయన ముప్పై ఏళ్లు అక్కడే పాఠం చెప్పాడు. ఇలాంటి గొడవ ఎట్లుంటదో మొదటితరం చదువులోళ్లం మనకు చెప్పక్కర్లేదు.

1946లో 'ది ప్రావిన్స్ అండ్ ఫంక్షన్ ఆఫ్ లా' రాశాడు. ఆయన జీవితమంతా చెప్పిన మాట ఒకటుంది. చట్టంలో మాటలూ, పాత తీర్పులూ జడ్జిని ఒకే దారికి కట్టెయ్యవు. రెండు మూడు దార్లుంటాయి. జడ్జి ఒకటి ఎంచుకుంటాడు. ఎంచుకుని, 'చట్టం చెప్పింది, నేను కాదు' అంటాడు. కాదు, ఎంచుకున్నది నువ్వే, జవాబు నువ్వే చెప్పాలి అన్నాడు స్టోన్.

దేశాల తగాదాల్లోనూ ఇదే చూశాడు. దురాక్రమణ అంటే ఏమిటో 1974లో ఐక్యరాజ్యసమితి ఓటింగు లేకుండా ఏకాభిప్రాయంతో తేల్చింది. 1977లో స్టోన్ ఒక పుస్తకమే రాసి, వీళ్లు ఒప్పుకున్నది మాటలకే, అర్థాలకు కాదన్నాడు. మన రచ్చబండ రాజీ కాగితం గుర్తు తెచ్చుకోండి. 'ఉభయులూ సఖ్యంగా ఉండవలెను' అని రాస్తారు. సఖ్యమంటే వాళ్లకు మనం నోరు మూసుకోవడం. మనకు బావి నీళ్లు.

స్టోన్ చెప్పిందల్లా మేము ఒప్పుకోం. పాలస్తీనా విషయంలో ఇజ్రాయెల్ పక్షాన వాదించాడు. అక్కడ ఆయన ఎంచుకున్న దారిని కూడా ఆయన కొలతతోనే కొలుస్తాం.

స్టోన్ ఉన్న రోజుల్లోనే సిడ్నీలో పాఠాలు చెప్పి వచ్చినవాడు ఉపేంద్ర బక్షి. ఆదివాసీ పిల్ల మథుర మీద పోలీసు స్టేషన్లో అత్యాచారం చేసిన పోలీసులను 1978లో సుప్రీంకోర్టు వదిలేసింది. ఒంటి మీద గాయాల్లేవు గనుక ఇష్టపడిందన్నది. 1979లో బక్షి, మరో ముగ్గురు న్యాయ అధ్యాపకులు కోర్టుకే బహిరంగ లేఖ రాశారు. లొంగిపోవడం ఇష్టపడటమా అని అడిగారు. దేశమంతా ఆడవాళ్లు కదిలారు. 1983లో చట్టం మారింది.

మన చుండూరు చూడండి. 1991లో ఎనిమిది మందిని నరికారు. 2007లో ప్రత్యేక కోర్టు 21 మందికి యావజ్జీవం, 35 మందికి ఏడాది జైలు వేసింది. 2014లో హైకోర్టు అందరినీ విడిచిపెట్టింది. అవే సాక్ష్యాలు, రెండు తీర్పులు. చట్టం ఒక్కటే మాట్లాడితే ఇది ఎట్లా జరుగుద్ది?

1989 అత్యాచార నిరోధక చట్టంలో పెద్ద నేరాల సెక్షన్ కింద, బాధితుడు ఎస్సీ, ఎస్టీ అయిన 'కారణంగా' నేరం జరిగిందని రుజువు కావాలన్నారు. ఎన్నో కేసులు ఆ ఒక్క మాట దగ్గరే కూలాయి. 2015 సవరణతో ఎస్సీ, ఎస్టీ అని 'తెలిసి' చేస్తే చాలన్నారు. ఒక్క మాట మారడానికి ఇరవై ఆరేళ్లు పట్టింది.

అందుకే చెప్తున్నాం. మాటల ఎంపిక జడ్జి బల్ల దగ్గర మొదలుకాదు, స్టేషన్ రైటరు కలం దగ్గర మొదలవుతుంది. మేము ఒకసారి కులం పేరుతో తిట్టి కొట్టారని చెప్తే 'పాతకక్షల వల్ల ఘర్షణ' అని రాశారు. చదివించుకోకుండా వేలిముద్ర వేశాం. కేసు అక్కడే చచ్చింది.

ఇకమీదట చదివించుకోకుండా వేలిముద్ర వెయ్యొద్దు. తిట్టిన మాట తిట్టినట్టే రాయించండి. ఎఫ్ఐఆర్ నకలు ఉచితంగా ఇవ్వాలి, అడిగి తీసుకోండి. వాడకొక్క చదువుకున్న బిడ్డ వెంట వెళ్లాలి.

జై భీమ్.