ఒక వలపుపాట – దాని హక్కు



పాట యెవరి సొత్తు? అనుభవించి పాడినవానిదా, కాగితముపై పేరున్నవానిదా? ఈ ప్రశ్నకు దృష్టాంతముగా అమెరికా దేశపు ప్రేమగీత మొకదాని చరిత్రను నేడు మనవి చేసెదను.

ఆ దేశమున నల్లజాతివారు పెంపొందించిన యొక సంగీతరీతికి 'రిథమ్ అండ్ బ్లూస్' అని పేరు. రిథమ్ అనగా లయ. బ్లూస్ అనగా దుఃఖమునుండి పుట్టిన గానము. పూర్వము వర్తకులు ఆ రికార్డులను 'జాతి రికార్డులు' అని వేరుపరచి అమ్ముచుండిరి. 1949లో బిల్‌బోర్డ్ అను పత్రిక ఆ మాటను విడనాడి, తనయొద్ద పనిచేయుచున్న జెర్రీ వెక్స్‌లర్ సూచించిన ఈ క్రొత్త పేరును గైకొనెను.

పెర్సీ స్లెడ్జ్ అను గాయకుడు 1940లో అలబామా రాష్ట్రమున లేటన్ అను చిన్న యూర జన్మించెను. ప్రత్తిచేలలో పాటుపడెను. పిదప ఆసుపత్రిలో రోగులకు పరిచర్య చేయుచు, తీరిక దినములలో ఒక మేళముతో కూడి పాడుచుండెను. వలచిన యువతి తన్ను విడిచిపోగా కలిగిన వేదనయే ఈ పాటకు బీజమనియు, ప్రత్తి తీయునాడు తాను తీసిన కూనిరాగమే దాని వరుసయనియు ఆయన చెప్పెడివాడు. మేళములోని కాల్విన్ లూయిస్, ఆండ్రూ రైట్ అను వాద్యకారులు దానిని తీర్చుటలో పాల్గొనిరి.

పాట పేరు 'వెన్ ఎ మ్యాన్ లవ్స్ ఎ ఉమన్'. పురుషుడు స్త్రీని వలచినప్పుడు అని యర్థము. వలచినవాడు సర్వస్వము నర్పించును. ఆమె దోషము కానడు. చెడు చెప్పిన మిత్రునైనను దూరము చేసికొనును. ఇదియే దాని భావము. మన ఆలంకారికులు దీనిని శృంగార మందురో, కరుణ మందురో! రెంటి నడిమి గట్టుపై నడచిన పాట యది.

1966లో షెఫీల్డ్ పట్టణమున క్విన్ ఐవీ, మార్లిన్ గ్రీన్ అనువారు దానిని రికార్డు చేయించిరి. మన హార్మోనియమునకు చుట్టమగు ఆర్గను మెల్లగా శ్రుతి నిలుపుచుండ, గాయకుని గొంతు ఆర్తనాదమువలె పైకి లేచును. పాడినవాడు నల్లవాడు, ఆర్గను వాయించిన స్పూనర్ ఓల్డ్‌హామ్, తాళవాద్యము వాయించిన రోజర్ హాకిన్స్ తెల్లవారు. వర్ణవిభేదము ప్రబలముగా నున్న ఆనాటి అలబామాలో ఇది స్వల్పవిషయము కాదు. వెక్స్‌లర్ అప్పటికి అట్లాంటిక్ రికార్డుల సంస్థలో ముఖ్యుడు. ఆ సంస్థయే దీనిని ప్రచురించెను. ఆ యేటి మే నెలలో అది రిథమ్ అండ్ బ్లూస్ పట్టికలోను, సర్వజనుల పట్టికలోను ప్రథమస్థాన మలంకరించెను.

కాని రికార్డుపై రచయితలుగా లూయిస్, రైట్ అను రెండు పేర్లే యున్నవి. స్లెడ్జ్ పేరు లేదు. ఆ హక్కును తానే వారికి విడిచితి ననియు, అది తన పొరపాటనియు ఆయన తరువాత చెప్పుకొనెను. వారిని దొంగలనుట తగదు; వారి శ్రమయు అందున్నది.

ఈ పేరు లేమి ఫల మెట్టిదో చూడుడు. 1987లో స్లెడ్జ్ పాడిన రికార్డే ఇంగ్లండులో మరల వెలువడి ద్వితీయస్థానము పొందెను. గాయకుడుగా ఆయనకు భాగము కలదు. 1991లో మైకేల్ బోల్టన్ అదే పాటను తన గొంతున పాడగా, అమెరికాలో మరల ప్రథమస్థానము లభించెను. అందు రచయితల భాగము పేరున్నవారిదే, స్లెడ్జ్‌కు లేదు. అంతియే కాదు. ఆ దేశపు సాధారణ రేడియో కేంద్రములు పాటను ప్రసారము చేసినప్పుడు రచయితకు ప్రతిఫల మియ్యవలెను. గాయకునకు మాత్రము చట్టమున అట్టి హక్కు లేదు.

2005లో రాక్ అండ్ రోల్ కీర్తిమందిరమున స్లెడ్జ్‌ను చేర్చుకొనిరి. 2015లో ఆయన స్వర్గస్థుడయ్యెను. నేటికిని ఆ పాట యనగానే లోకము తలచునది ఆయన గొంతునే.

సర్వస్వ మిచ్చువాని పాటను పాడినవాడు ఆ పాటనే ఇచ్చివేసెను! ఈవి గొప్పగుణమే. అయినను, స్నేహితులైనను అన్నదమ్ములైనను, కలిసి చేసిన పనిలో ఎవరి పాలెంతయో మనసులు కలిసియున్న నాడే వ్రాసికొనుట మేలు. అట్టి వ్రాత స్నేహమునకు చేటు కాదు; కంచె. కీర్తిని లోకము పంచిపెట్టును; ధనమును పత్రము పంచిపెట్టును. ఈ రెండును ఒకే యింటికి చేరునట్లు చూచుటయే న్యాయము.